డబుల్ స్పీడ్‌లో చచ్చిపోయిన హీరో

ఆ రోజుల్లో, అంటే రెండు వేల మూడు, నాలుగు ప్రాంతాల్లో, వర్జీనియాలో ఎమ్మెస్ వెలగబెడుతున్న మావాళ్ళకి దేవుడి భయం కంటే జీపీఏ భయం ఎక్కువ. నాకైతే మరీనూ. వీసా నిలవాలంటే ఆ సెమిస్టర్‌లో ఇంకో క్లాసు తీసుకోక తప్పలేదు, సీట్లు మిగిలిందేమో సినిమా చరిత్రలో. (సినిమాలు చూస్తే మార్కులిస్తారట అని ఎగిరి గంతేసిన మాట నిజమే.) తీరా చూస్తే ప్రొఫెసరమ్మ ఒక ఇటాలియన్ మూకీ నటుణ్ణి తెచ్చి నా నెత్తిన పెట్టింది. సర్కస్‌లో తాళ్ళు కట్టే పనితో మొదలై, తెర మీద ప్రేమ కోసం ప్రాణాలు వదిలే హీరోగా ఎదిగి, టాకీలు రాగానే మరుగునపడ్డ మనిషి. ఆయన గురించి మాట్లాడి, ఆయన చావు సీను చూపించాలి. బి గ్రేడు రాకపోతే నా అసిస్టెంట్‌షిప్ ఊడుతుంది, నేను ఇండియా విమానం ఎక్కాలి.

హెర్న్‌డన్‌లో నా రూమ్మేట్‌ని అందరం బావ అనేవాళ్ళం. (ఎవరికీ బావ కాడు. వరంగల్ మనిషి.) నాకిచ్చింది పది నిమిషాలు, ఆ మహానుభావుడు చావడానికే పావుగంట తీసుకుంటున్నాడు బావా అని నేను తల పట్టుకుంటే, బావ సమోసా నములుతూ తేల్చేశాడు.

"డబుల్ స్పీడ్‌ల కన్వర్ట్ చేద్దాం తియ్. అసలే మూకీ, మాటల్లేవు. ఎవ్వరికి తెలుస్తది?"

ఇద్దరం ఇంజనీర్లమే కదా, ఆ లాజిక్‌లో మాకు తప్పేమీ కనబడలేదు.

క్లాసులో నేను బట్టీపట్టిన ఇంగ్లిష్‌ని ఊపిరి తీసుకోకుండా అప్పజెప్పి, ఇప్పుడు మీ గుండె తరుక్కుపోతుంది చూడండి అని చెప్పి మరీ లైట్లు ఆర్పాను. హీరో కత్తిపోటు తిని పరుగు పరుగున మెట్లెక్కాడు. గబగబా ఏడ్చాడు. కోడి గింజలేరుకున్నట్టు ప్రియురాలి చేతిని టకటకా ముద్దు పెట్టుకున్నాడు, ధబీమని పడ్డాడు, మళ్ళీ లేచి ఇంకోసారి పడ్డాడు. క్లాసంతా పొట్ట పట్టుకుని నవ్వుతుంటే నాకు చెమటలు ధారకట్టాయి. అయిపోయింది నా పని అనుకున్నాను.

ప్రొఫెసరమ్మ లైటు వేసింది. ఆవిడ నవ్వడం లేదు. ఆ నటుడికీ సరిగ్గా ఇదే జరిగిందని మెల్లగా చెప్పుకొచ్చింది. టాకీల మెషిన్లు పాత రీళ్ళని వేగంగా తిప్పేసేవట. ముసలితనంలో ఆయన టిక్కెట్టు కొనుక్కుని తన సినిమాకి తనే వెళ్ళి కూర్చుంటే, తన చావు చూసి హాలంతా నవ్విందట. పాపం, అన్నేళ్ళ తర్వాత నేను కూడా ఆయన్ని నవ్వులపాలు చేశానే అని చాలా బాధేసింది. అసలు స్పీడులో ఉన్న కాపీ ఉందా అని ఆవిడ అడిగింది. ఉందన్నాను.

"అయితే అది వెయ్యి. నువ్వూ మళ్ళీ చెప్పు, ఈసారి ఊపిరి పీల్చుకుంటూ," అంది.

మళ్ళీ వేశాను. అవే మెట్లు, అదే చెయ్యి, అదే ముద్దు. ఎవరూ నవ్వలేదు. నేను కూడా ఆగి ఆగి, తడుముకుంటూ, నాకొచ్చిన ఇంగ్లిష్‌లోనే ఆయన కథంతా చెప్పాను. టైము దాటిపోయినా ఆవిడ ఆపలేదు. బి వచ్చింది. అదంతా తన డబుల్ స్పీడ్ చలవేనని బావ ఇప్పటికీ ఫోన్ చేసినప్పుడల్లా అంటాడు.

ఇప్పుడు నేను ఏ పాత కథ ఎత్తుకున్నా మా అమ్మాయికి ఓపిక ఉండదు. "నాన్నా, కొంచెం ఫాస్ట్‌గా చెప్పు," అంటుంది. ఫాస్ట్‌గా చెప్తే నవ్వొస్తుందమ్మా అంటాను. "వస్తే మంచిదే కదా?" అంటుంది. ఆ మాటకి, చీకటి క్లాసులో చెమటలు తుడుచుకుంటున్న ఆ బక్క కుర్రాడు కళ్ళముందు నిలబడతాడు, మా అమ్మాయి కంటే ముందు నేనే నవ్వేస్తాను.