మావయ్య అందించిన మాటలు

మా మావయ్య పోయారు. పోయిన మంగళవారం పొద్దున్నే అత్త ఫోన్ చేసి చెప్పింది. "బండి నెమ్మదిగా నడుపుకుని రామ్మా. ఆయన ఇంక ఎక్కడికీ వెళ్ళరుగా" అని పెట్టేసింది.

ఆయన పేరు మీరు విని ఉండరు. సినిమాల్లో ప్రాంప్టర్. తెలుగు రాని నటులకు కెమెరా పక్కన నిలబడి, ఒక్కో మాటా అందించే పని. రాజోలు వైపు షూటింగుకు వచ్చిన యూనిట్ ఒకటి ఆయన గొంతు విని వెంటబెట్టుకుపోయింది. అప్పట్నించీ ముప్పై ఐదేళ్ళు తలుపుల వెనక, చెట్ల వెనక, ఒకసారైతే గడ్డివాములో కూర్చుని కూడా మాటలు అందించారు.

ఒక సినిమాకి బ్రెజిల్ నుంచి అమ్మాయిని తెచ్చారు. గోదావరిలో పడవ మీద ఆ అమ్మాయి విలన్‌ని పట్టుకుని, "నీ అంతు చూస్తానురా" అనాలి. మావయ్య నడుంలోతు నీళ్ళలో పడవ చాటున నిలబడ్డారు. విలన్ వేసినాయన ఈయన కన్నా పెద్దవారు, పైగా మా వైపే, ఐ.పోలవరం మనిషి. ఆయన్ని 'రా' అనడానికి మావయ్యకు నోరు రాలేదు. "మీ అంతు చూస్తానండీ" అని అందించారు. ఆ పిల్ల కళ్ళెర్రజేసి అచ్చం అలాగే అంది. విలన్‌గారు మా వైపు అలవాటు చొప్పున, చిత్తం అన్నట్టు "ఆయ్" అన్నారు. ఆ పూట షూటింగు అక్కడితో సరి.

ఆ అలవాటు ఇంటికీ వచ్చింది. నా పెళ్ళిలో పాస్టరుగారు ప్రమాణం చేయిస్తుంటే, మా ఆయన నోరు తెరవకముందే వెనక వరసలోంచి మావయ్య అందించేశారు. ఆ ప్రమాణం చేసింది మీ మావయ్యే, నన్నడక్కు అని మా ఆయన ఇప్పటికీ తప్పించుకుంటారు.

అత్త బాధ వేరు. "ఎంతమంది చేతో ప్రేమిస్తున్నానని చెప్పించేరమ్మా. నాతో సొంతంగా ఒక్క మాటనలేదు" అనేది. ఓ సాయంత్రం వరండాలో టీ ఇస్తుంటే మావయ్య ఆవిడ వైపు చూసి, "నువ్వున్న చోటే నాకు ఇల్లు" అన్నారు. నేను అక్కడే ఉన్నాను. అత్త గ్లాసు అలాగే పట్టుకుని, "ఇది ఏ పిక్చర్లోదండీ?" అనడిగింది.

ఆయనకు అబద్ధం చేతకాదు. "పోయిన నెల కొత్తపేటలో తీసేం చూడు, దాన్లోదే."

"హీరో బాగా చెప్పేడా?"

"ఏడు టేకులు తిన్నాడే."

అత్త నవ్వి లోపలికి వెళ్ళింది. చాలాసేపు బయటికి రాలేదు. నాకు ఒళ్ళు మండిపోయింది. నీదేనని ఒక్క అబద్ధమాడితే ఏం పోయింది మావయ్యా అని నిలదీశాను. "అందించడం వచ్చుగానీ, సొంతంగా కట్టడం రాదమ్మా" అన్నారు, తప్పు చేసిన పిల్లాడిలా.

మొన్న మావయ్య జ్ఞాపకార్థం చర్చివాళ్ళతో పెట్టిన ఆదరణ కూడికలో అత్త నన్ను పక్కకు పిలిచి చెప్పింది. ఆసుపత్రిలో ఆఖరి రోజు, ఇంటి నుంచి పట్టుకెళ్ళిన చేపల పులుసుతో రెండు ముద్దలు తిన్నారట. తిని, "పెళ్ళైన కాణ్ణించీ నీ పులుసులో ఉప్పెక్కువేనే. ఏ పూటైనా వదిలేనా?" అన్నారట.

"ఇలాంటి మాట ఎవరు రాస్తారమ్మా? ఆయన సొంతమే" అంది అత్త. నవ్వుతూ మొదలుపెట్టి ఏడ్చేసింది. నేనూ ఆగలేకపోయాను.

తర్వాత మొహం కడుక్కుని పెరట్లో వంటల దగ్గరికి వెళ్ళింది. పులుసు అరచేతిలో వేయించుకుని రుచి చూసి, "చాల్లేదండీ" అని గుప్పెడు ఉప్పు తనే వేసేసింది. వంటాయన అడ్డం పడబోతే పాస్టరుగారు భుజం పట్టుకుని ఆపారు. ఆ మధ్యాహ్నం అందరం ముద్దముద్దకీ మంచినీళ్ళు తాగుతూ తిన్నాం. ఒక్క ఆకులో కూడా పులుసన్నం మిగల్లేదు.