నల్లజీడి పొగ

నా చిన్నప్పుడు ఒక మనిషి ముందు పన్ను పట్టకారుతో పీకుతుంటే విన్నాను. చూశానని రాయలేను. నా కళ్ళు రెండూ వాచి మూసుకుపోయాయి, ఎడమ రెప్పల మధ్య గడ్డిపోచంత సందు మాత్రం మిగిలింది. చప్పుడు మాత్రం పూర్తిగా విన్నాను. ఎండుకొమ్మ విరిగినట్టు ఉంటుందనుకుంటారు. అలా ఉండదు. తడినేలలో పాతిన గుంజను ఊపి ఊపి లాగినట్టు ఉంటుంది. అరుపు ఆ తరువాత వస్తుంది. పట్టకారు పట్టుకున్న చెయ్యి మా నాన్నది.

అప్పట్లో మా ద్వీపంలో చౌల్దారీ అనే ఊరి అవతల అడవి కొట్టి, కొత్తగా వచ్చేవాళ్ళ కోసం పొలాలు చదును చేస్తున్నారు. మా నాన్న ఆ సర్కారు పనికి మేస్త్రీ. మా ఇళ్ళ వరుసలో ఉన్నవాళ్ళంతా విజయనగరం వైపు నుంచి ఓడెక్కి వచ్చినవాళ్ళే. పని ఎప్పుడూ ఒకే క్రమంలో సాగేది. ముందు తుప్పలు, తరువాత సన్న చెట్లు, ఆఖరున పెద్ద మానులు. దుంగలు కలప డిపోకు పోయేవి. మిగిలిన కొమ్మా రెమ్మా పోగేసి తగలబెట్టేవారు. డిపోకు పనికొచ్చే చెట్లకు పడౌక్ అనీ గర్జన్ అనీ పేర్లుండేవి. పనికిరానివన్నీ కలిపి 'జంగిల్'. వాటికి వేరే పేరుంటుందని కూడా ఎవరికీ తోచలేదు.

ఒక శనివారం అలాంటి పోగు ఒకటి తగలబెట్టారు. అందులో వెడల్పాటి ఆకుల చెట్టు ఒకటి ఉంది. దాన్ని నరికినవాడు రాంచీ నుంచి వచ్చిన కూలీ, మా ఇంటి వెనక పాకలో ఒంటరిగా ఉండేవాడు. మా అమ్మ దాని కొమ్మలు మోసింది. నేను నాన్న పక్కన నిలబడి పొగను చేతులతో పట్టుకునే ఆట ఆడాను. ఆ రోజే నాన్న ఆ రాంచీ మనిషిని బద్ధకస్తుడని అందరి ముందూ తిట్టాడు. అతను తలవంచుకుని తనలో తాను ఏదో గొణుక్కున్నాడు.

మర్నాడు పొద్దున్నకు నా ముఖం నాలా లేదు. పెదవులు ఉబ్బి బయటికి తిరిగాయి. బుగ్గల మీద బొబ్బలు లేచి, చితికి, నీరు మెడ దాకా కారింది. నాన్న చేతులు కాల్చినట్టు ఎర్రబారాయి. పొగలో ఉన్న మగవాళ్ళలో మరో ఇద్దరు మంచం పట్టారు. రాంచీ మనిషి ఒంటి మీద ఒక్క పొక్కు కూడా లేదు. నేరం రుజువు కావడానికి మావాళ్ళకు అంతకంటే ఏమీ అక్కర్లేకపోయింది.

"ఆడికేటీ కానేదు, సూసినారా? నిన్న గొణిగినాడు గదా, అదే సిల్లంగి!" అని ఎవరో అరిచారు.

చిల్లంగి అంటే చేతబడి. ముందు పళ్ళు లేకపోతే ఆ మంత్రం నోట సరిగా పలకదనీ, పలకని మంత్రం పారదనీ మా జిల్లాలో నమ్మకం. అందుకే చిల్లంగి పెట్టాడనుకున్నవాడికి పళ్ళు పీకేస్తారు. మావాళ్ళు ఓడలో గిన్నెలు, కత్తిపీటలు తెచ్చుకున్నారు. ఆ ఆచారాన్నీ తెచ్చుకున్నారు.

అతణ్ణి మా వరండా గుంజకు కట్టేశారు. గొడ్డలి కామతో మోకాళ్ళ మీద కొట్టారు. "మేస్త్రీ సాబ్, మైనే క్యా కియా?" అని, తానేం చేశాడో చెప్పమని అతను అడుగుతూనే ఉన్నాడు. జవాబుగా మరో దెబ్బ పడేది. ఇద్దరు తల వెనక్కి వంచి పట్టుకున్నారు, ఒకడు దవడలు విడదీశాడు. నాన్న పట్టకారు తీసుకున్నాడు. మొదటి పన్ను ఊడింది. రక్తం అతని గొంతులోకి పోయి గురగురలాడింది. నేను అమ్మ ఒడిలో ఉన్నాను. అమ్మ నా చెవులు మూయాలని చూసింది కానీ బొబ్బలున్న చోట చెయ్యి ఆన్చలేకపోయింది.

పక్కింటి అక్క వచ్చింది అప్పుడే. ఆమె మా బడిలో టీచరు. విశాఖపట్నంలో వృక్షశాస్త్రం చదువుకుంది. వాళ్ళ నాన్న ప్రతి ఆదివారం తమ ఇంట్లోనే తెలుగులో ప్రార్థన జరిపేవారు. ఆ పొద్దున్న అమ్మ పిలిస్తే వచ్చి నా ముఖం చూసి, "నిన్న ఏం తగలబెట్టారు పిన్నీ?" అని ఒక్కమాట అడిగి, చేతికి గుడ్డ చుట్టుకుని అడవి కొట్టిన చోటికి పోయింది. ఇప్పుడు మంటకు అందక మిగిలిన, పూలున్న ఒక కొమ్మతో తిరిగొచ్చింది. నాన్న రెండో పన్నుకు పట్టకారు బిగిస్తున్నాడు.

"బాబాయ్, ఆగు."

"నువ్వు తప్పుకో అమ్మా. ఆడి నోట్లో ఇసం ఉంది."

"విషం నోట్లో లేదు, ఈ కొమ్మలో ఉంది" అని ఆమె కొమ్మ విరిచి, సొన కారుతున్న కొసను నాన్న తెల్ల పంచెకు అద్దింది.

"ఉతికిన పంచె పాడు సేసినావు గదే!"

"టీచరమ్మ పంచె మీద పాఠం సెప్తందిరోయ్!" అని దవడలు పట్టుకున్నవాడు నవ్వాడు. అతని వేళ్ళ సందుల్లోంచి రక్తం కారుతూనే ఉంది.

గాలి తగిలిన సొన ముందు గోధుమరంగుకు తిరిగింది. కాసేపటికి కాటుకలా నల్లబడింది. దాన్ని ముందు గుర్తుపట్టింది మా అమ్మ.

"ఒలమ్మ! ఇది సాకలోడు బట్టల మీద ఎట్టే గుర్తు గదేటి? నల్లజీడి!"

నల్లజీడి సొన గానీ పొగ గానీ ఒంటికి తగిలితే పొంగుతుందని అక్కడున్న అందరికీ తెలుసు. నాన్న పంచె వంక చూసుకున్నాడు. చెయ్యి మాత్రం దించలేదు.

"జీడే అనుకో. మరి దాన్ని నరికినోడికి ఎందుకు పొంగనేదు?"

"కొమ్మలు మోసిన పిన్నికి ఎందుకు పొంగలేదు?" అంది అక్క. "నీ లెక్క ప్రకారం చిల్లంగి పెట్టిన మనిషి ఈ వరండాలో ఇంకొకరున్నారు. నీ కొడుకును ఒళ్ళో పెట్టుకుని కూర్చున్నారు. పట్టకారు ఇటు కూడా తెస్తావా బాబాయ్?"

అందరూ మా అమ్మ వైపు తిరిగారు. నునుపైన ముఖం, ఒక్క మచ్చ లేదు. అమ్మ చటుక్కున అరచేత్తో తన నోరు మూసుకుంది. కంటి సందులోంచి నేను స్పష్టంగా చూసినది అదొక్కటే, మిగతావి విన్నవీ తరువాత అమ్మ చెప్పినవీ.

నాన్న పట్టకారు కింద పెట్టలేదు. అది చేతిలోంచి జారిపోయింది.

కట్లు అక్కే విప్పింది. ఉప్పునీళ్ళతో అతని నోరు కడిగింది. రెండో పన్ను కదిలిపోయి ఉంది, తరువాత అదీ ఊడింది. అమ్మ గంజి పట్టుకెళితే అతను గిన్నె ముట్టుకోలేదు. నడవగలిగిన రోజున వేరే క్యాంపుకు వెళ్ళిపోయాడు. అక్క చేతులు కూడా మణికట్ల దాకా పొంగి, చాలా రోజులు సుద్దముక్క పట్టలేకపోయింది.

నా కళ్ళు తెరుచుకున్నాక ఆమె నాకు ఆ పువ్వు చూపించింది, ముట్టుకోనివ్వకుండా, పుల్లతో విప్పుతూ. ఆకును నమ్మవద్దంది, ఒకే చెట్టు నీడలో ఒకలా, ఎండలో ఒకలా ఆకు వేస్తుందట. చుట్టరికం పువ్వులో తెలుస్తుంది. ఐదు చిన్న రేకులు, ఐదు కేసరాలు, మధ్యలో ఒకే గింజ పట్టే అండాశయం. కాయ ముదిరితే జీడిపండు కొసన జీడిగింజలా కండగల తొడిమ కొసన కూర్చుంటుంది. మామిడి, జీడిమామిడి, నల్లజీడి, ఇదీ, అన్నీ ఒకే కుటుంబం. అందులో నల్లజీడి, ఈ ద్వీపపు చెట్టు మరీ దగ్గరివి, ఒకే ప్రజాతి. దాని పేరు సెమికార్పస్, గుర్తు పెట్టే కాయ అని అర్థం. మావాళ్ళు సముద్రం దాటి వచ్చి, తమ ఊరి చెట్టుకు చెల్లెలి వరసయ్యేదాన్ని పోల్చుకోలేక తగలబెట్టారు. అదే సొన కొందరిని కాల్చి, కొందరిని ఎందుకు వదిలేస్తుందని అడిగాను. తనకు పూర్తిగా తెలియదంది. తెలియదని చెప్పిన పెద్దమనిషిని నేను చూడటం అదే మొదలు.

పాలిటెక్నిక్ చదివి ఇప్పుడు కలప డిపోలో పని చేస్తున్నాను. కుర్రాళ్ళకు చెట్ల కుటుంబాలు నేనే చెబుతాను, వాళ్ళు గబగబా నేర్చుకుంటారు. నేర్పలేనిది ఇంకొకటి ఉంది. మా నాన్న క్రూరుడు కాడు. నా వాచిన ముఖాన్ని చూడలేకపోయాడు, అంతే. అతను పీకిన పన్ను నా కోసం పీకినది. అది తెలిసినప్పటి నుంచి నన్ను ప్రేమించేవాళ్ళ కోపానికే నేను ఎక్కువ భయపడతాను. ఎవరైనా నా తరఫున లేచి ఎవరి మీదికైనా వెళ్ళబోతే, న్యాయం ఎటుందో నేను అడగను. ముందు వాళ్ళ చెయ్యి పట్టుకుంటాను.