మడత విప్పని చీర

నాకు చీదర ఎక్కువ. మా ఇంట్లో అందరూ అనే మాటే ఇది. ఎంగిలి గ్లాసు చూస్తే కడుపులో తిప్పుతుంది. పక్కవాళ్లు తిన్న కంచం ముందు కూర్చోలేను. సూర్యాపేట మార్కెట్ యార్డు ఆఫీసులో దుమ్ములో పనిచేసే మనిషికి ఇంత చీదరేమిటని నవ్వుతారు. నిజానికి యార్డులో ఉండబట్టే ఈ బుద్ధి వచ్చింది. పైన మంచి గింజ పోసి అడుగున తాలు, మట్టి కలిపిన బస్తాలు ఎన్ని చూశానో. మోచేతి దాకా చెయ్యి దూర్చి అడుగు గింజలు తీసి చూస్తే గానీ నాకు నమ్మకం కుదరదు. అలాంటిదాన్ని, ఒక ఆదివారం పొద్దున బుద్ధిగా తయారై గుళ్లు తిప్పే బస్సు టూరుకు పోయాను.

పోయింది మా అత్తమ్మ కోసం. అంతకు ముందు ఏడు నాకు గర్భసంచిలో గడ్డ లేచింది. హైదరాబాద్ దవాఖానలో ఆపరేషన్ చేసి, గడ్డ ముక్కను పరీక్షకు పంపి, రిపోర్టు వచ్చేదాకా ఆగమన్నారు. ఆ ఆగినన్నాళ్లూ మా ఆయన గోడ చూస్తూ కూర్చున్నాడు. అత్తమ్మ మాత్రం నా మంచం పట్టె పట్టుకుని, తన పుట్టినూరు పెన్‌పహాడ్ వాళ్లు కొలిచే అమ్మవారికి మొక్కుకుంది. "నా కోడలు మంచిగైతే మగ్గం చీర పెడ్త తల్లీ. మిషన్‌ది కాదు, మగ్గం మీద నేసింది" అని.

రిపోర్టు మంచిగానే వచ్చింది. అది డాక్టర్ల పుణ్యమని నేను, అమ్మవారి పుణ్యమని ఆమె. అక్కడితో ఒడిసిపోతే బాగుండేది. కానీ మొక్కు తీర్చడం ఏదో ఒక వంకతో వాయిదా పడుతూ వచ్చింది. నాకు కాస్త కడుపు నొచ్చినా చాలు, ఆమె మొహం పాలిపోయేది. "చీర పెట్టలే గద బిడ్డా, గందుకే" అనేది. అజీర్తికి కూడా అమ్మవారేనా అని విసుక్కునేదాన్ని. అయినా రాత్రి ఒంటరిగా పడుకుని పొత్తికడుపు తడుముకునే మనిషికి ఆ మాట ఎట్లా వినపడుతుందో ఆమెకు తెలియదు.

అత్తమ్మ మోకాళ్లు రెండు బస్సులు మారలేవు. అప్పుడే ఫోన్లో ఆ ప్రకటన కనబడింది. సగం రోజు టూరు, తక్కువ కిరాయి, గుడులూ మగ్గాలూ అన్నీ చూపిస్తారు, మధ్యాహ్నం అన్నం వేళకు ఇంటి దగ్గర దింపుతారు. చివరి గుడి అత్తమ్మ మొక్కుకున్న అమ్మవారిదే. దారిలోనే మగ్గం, దారిలోనే గుడి. ఒక దెబ్బకు పని అయిపోతుందనుకున్నాను.

టూరు బండి ఎక్కీ ఎక్కగానే వాసన. ముందురోజు మనుషులు తిన్న పల్లీల పొట్టు ఇంకా సీటు కిందే ఉంది. సీటు కవరు చేతికి జిగటగా అంటుకుంది. వెనక సీటాయన ఉడికిన గుడ్లు తెచ్చుకుని, పెంకులు ఒలిచి నేల మీదే వేస్తున్నాడు. గైడు నల్ల కళ్లద్దాల మనిషి. నోట్లో గుట్కా పెట్టుకుని కాకతీయుల గురించి చెబుతాడు, మధ్యలో కిటికీలోంచి తల బయటికి పెట్టి ఉమ్ముతాడు. ఆ ఉమ్మి గాలికి వెనక కిటికీ మీద గీతలు గీతలుగా పడింది. ఆ కిటికీ నాదే.

పిల్లలమర్రిలో దిగాం. అంత నల్లటి నునుపు రాతి స్తంభాలు. చిన్నప్పుడు స్కూలు వాళ్లు తీసుకొస్తే వాటి మీద గోటితో తట్టి చప్పుడు విన్నాం. ఇప్పుడు మా బండి జనం నంది మెడ చుట్టూ చెయ్యి వేసి ఫొటోలు. ఒకాయన చిప్స్ తిన్న నూనె వేళ్లను స్తంభానికే తుడిచాడు. నేను చూస్తున్నానని తెలిసి, ఇంకో వేలు కూడా తుడిచాడు. అత్తమ్మ గర్భగుడి దాకా కూడా పోలేదు, "టైం ఖతం, ఎక్కండ్రి ఎక్కండ్రి" అని గైడు చప్పట్లు. గుడికి టైం లేని మనిషికి ఆ తర్వాత మగ్గాల దగ్గర మాత్రం ఎక్కడలేని తీరిక దొరికింది.

కోదాడ రోడ్డు మీద రేకుల షెడ్డు అది. బయట చేనేత అని పెద్ద బోర్డు, లోపల ఒకే ఒక్క మగ్గం. దాని ముందు ఒకాయన కూర్చుని మేం రాగానే కాళ్లు ఆడించడం మొదలుపెట్టాడు. టకటకా చప్పుడైతే వస్తున్నది గానీ, నేసిన బట్ట మీద వేలు పెడితే దుమ్ము గుర్తు పడింది. మగ్గం గుంటలో ఎంగిలి టీ కప్పులు, వాటి నిండా చీమలు. అందరూ ఫోన్లు పైకెత్తి ఫొటోలు తీసుకున్నారు. ఫొటోలు అయిపోగానే ఆయన కాళ్లు ఆగిపోయాయి. పక్క గదిలో మాత్రం అద్దాల అల్మారాల్లో కవర్లలో చీరలు, పట్టుకుంటే జారిపోయేంత కొత్తగా.

అత్తమ్మ మెరూన్ రంగుకు పచ్చంచు ఉన్న చీర పట్టుకుంది. నేను అలవాటు కొద్దీ కవరు చింపబోయాను. షాపాయన చెయ్యి అడ్డం పెట్టాడు. అతని మాట కోదాడ యాస.

"అమ్మవారికేగా అమ్మా? అయితే మడత విప్పకండి. మొదటి మడత అమ్మ ముందే విప్పాలి. మనం విప్పి చూస్తే మనం కట్టి విడిచినట్టే అవుద్ది."

అత్తమ్మ టక్కున చీర నా చేతిలోంచి లాక్కుంది. "నిజమే బిడ్డా. ఇప్పకు" అంది. ఎంగిలి అన్న మాట దగ్గరికి వస్తే నేనూ ఆగిపోతాను. చీర కవరులోనే ఉంది. మా బండిలో ఆడవాళ్లంతా తలా ఒకటి కొన్నారు, ఎవరూ విప్పలేదు.

గుడి పేరు రాయను. అమ్మవారు చేసిన తప్పేమీ లేదు. మిర్యాలగూడ వైపు పోయే దారిలో, పాలకీడు దాటాక అని మాత్రం చెబుతాను, ఆ వైపు గుళ్లు చాలానే ఉన్నాయి. మెట్ల నిండా కొబ్బరి పీచు, చిట్లిన అరటిపళ్లు, వాటి మీద ఈగలు. చెప్పులు విడిచాక అరికాలికి ఏం తగులుతున్నదో చూడకుండా నడిచాను.

అత్తమ్మ మండపం మెట్టు మీద కూర్చుని కొంగుముడి విప్పింది. అందులో ఇంటి నుంచి తెచ్చిన పసుపు పొట్లం. కొత్త బట్ట ఏదైనా సరే, నాలుగు మూలలా పసుపు పెట్టకుండా మా ఇంట్లో ఎవరూ కట్టరు, ఎవరికీ పెట్టరు. కవరు తీసి, మొదటి మూల పట్టుకుని, వేలికి పసుపు అద్దుకుని ఆగిపోయింది.

"గిదేంది బిడ్డా, పసుపు ఉండనే ఉంది."

చూశాను. తుడిచినా పూర్తిగా పోని పసుపు మరక, రూపాయి బిళ్లంత. రెండో మూల చూశాను, ఉంది. మూడో మూల, నాలుగో మూల. గట్టిగా దులిపితే లోపలి మడతలోంచి నా ఒళ్లో బియ్యం రాలాయి. పసుపు కలిపిన బియ్యం. ఒడిబియ్యం. ఆడపిల్లను అత్తగారింటికి పంపేటప్పుడు కొంగులో పోసేవి. మా వైపు అమ్మవారికి చీర పెట్టినా, అమ్మ మన ఆడబిడ్డే అని చీరతో పాటు పోస్తారు. ఒక గింజ తీసి వేళ్ల మధ్య నలిపాను. పొడి అయిపోయింది. ఇంకో గింజలోంచి చిన్న నల్ల పురుగు బయటికొచ్చి నా చీర మీద పాకింది. బియ్యం సంగతి నాకు తెలుసు. పురుగు పట్టి అంత గుల్లయ్యాయంటే నెలలయింది వాటిని ఎవరో పోసి.

సరిగ్గా అప్పుడే గుడి పక్క గదిలోంచి మా డ్రైవరు వచ్చాడు. నెత్తి మీద దుప్పటి మూట, మూట చెవిలోంచి చీర అంచులు వేలాడుతున్నాయి. దాన్ని తెచ్చి బండిలో మా సీటు కింద తోసేశాడు. రోజూ చేసే పనిలా చేశాడు.

అరికాలి మంట నెత్తికెక్కింది. గైడు ముందు చీర పరిచి, మరకలు చూపించి, బియ్యం చూపించి, నోటికొచ్చింది అడిగాను. ఆ మనిషి గుట్కా దవడ మార్చాడు.

"అక్కా, జర ఇను. చీర అమ్మ పాదాలకు తాకిందా లేదా? తాకింది. తాకినంక అది యాడుంటే ఏంది? గుడిల కుప్ప పోసి ఎలుకలకు పెట్టాల్నా?"

నా వెనక నిలబడ్డ మా బండి జనం నాకు సాయం వస్తారనుకున్నాను. "లొల్లి ఇంటికి పోయినంక పెట్టుకోండ్రి, ఎండ ఎక్కుతంది" అన్నాడు గుడ్ల ఆయన. నా పక్క సీటు ఆమెను, మీ చీర కూడా ఒకసారి విప్పి చూడండని అడిగాను. ఆమె కవరును రెండు చేతులా గుండెకు అదుముకుంది.

"మాది మంచిగనే ఉందమ్మా" అంది. విప్పలేదు. ఒక్కరు కూడా విప్పలేదు. గైడు మీద కంటే వాళ్ల మీదే నాకు ఎక్కువ రోత పుట్టింది. తెలిసి కూడా తెలియనట్టు అమ్మ ముందు నిలబడి దండం పెడతారు, ఇంటికి పోయి మొక్కు తీరిందని పడుకుంటారు.

తిరిగి చూస్తే అత్తమ్మ నా లొల్లి వింటూనే లేదు. మెట్టు మీద రాలిన బియ్యం గింజ గింజా ఏరి తన కొంగులో వేసుకుంటున్నది, పురుగులతో సహా.

"ఎవలదో బిడ్డా ఇది? ఏం కష్టమొచ్చి మొక్కుకున్నదో. ఆమెది ముట్టలే గద. ముట్టిందనుకుని ఇంట్ల నిమ్మలంగ కూసున్నదేమో" అంది. ఆమె కళ్లల్లో నీళ్లు.

మోకాళ్లు పట్టుకుని లేచి, ఆ చీరతోనే వరుసలో నిలబడింది. నేను వెనకే పోయాను. మా వంతు రాగానే పూజారి చెయ్యి చాపాడు. అత్తమ్మ చీర ఇవ్వలేదు.

"ఇది నాది కాదు సామీ. ఎవలో ఆడామె మొక్కు. గామె పేరు మీదనే ముట్టాలె."

అంటూనే నేల మీద చతికిలబడింది. పొట్లంలో పసుపంతా అరచేతిలో పోసుకుని, సీసాలో నీళ్లు వంపి ముద్ద చేసింది. చీర ఒళ్లో పరిచి, నడిమధ్యన ఫట్‌మని చెయ్యి అచ్చు వేసింది. కొంగు మీద ఇంకొకటి. కుచ్చిళ్ల దగ్గర ఇంకొకటి. అయిదు వేళ్లూ స్పష్టంగా పడ్డాయి.

"ఏయ్, ఏయ్! ఏందమ్మా గది? మంచి చీర ఖరాబ్ చేస్తివి! ఇగ ఇదెందుకు పనికొస్తది?" అని అరిచాడు పూజారి.

అత్తమ్మ తల ఎత్తి చూసింది. గొంతు పెంచలేదు.

"అమ్మకు పసుపు ఖరాబా సామీ?"

పూజారి మెడ దాకా ఎర్రబడ్డాడు. "నా కండ్ల ముందట కట్టు" అంది ఆమె. బయట హారన్ మోగుతూనే ఉంది. వెనక జనం గునుస్తున్నారు. ఆమె లేవలేదు. చివరికి అతనే మూతి ముడుచుకుని, ఆ తడి చీర తీసుకుని అమ్మవారి నడుముకు చుట్టాడు. అత్తమ్మ కొంగులో బియ్యం పాదాల దగ్గర పోసింది.

"తల్లీ, గామె కష్టం తీర్చు. నాది ఇంక బాకీనే ఉంది. మళ్ల వస్త" అంది.

ఆ బాకీ అన్న మాట నా కడుపులో దిగింది. ఏడాదిగా నేను నవ్విన మొక్కు అది. అయినా గుడి మెట్లు దిగుతుంటే నా చెయ్యి దానంతటదే పొత్తికడుపు మీదికి పోయింది. భయమేసింది. నా ప్రాణం కోసం మొక్కు తీర్చబోయిన ముసలామెకు, ఇంకెవరి ప్రాణం కోసమో ఇంకెవరో పెట్టిన చీరను తుడిచి మడతపెట్టి చేతిలో పెట్టారు. దేవుణ్ణి నమ్మకపోయినా దీన్ని మాత్రం సహించలేకపోయాను. తిరుగు దారిలో సీటు కింది మూట నా మడమలకు తగులుతూ ఉంది. ఎవరెవరి పసుపో, ఎవరెవరి ఏడుపో నా కాళ్ల దగ్గర. పాలకీడు రాకముందే బండి ఆపించి, రోడ్డు పక్కన తుమ్మ పొదలో కక్కుకున్నాను. "పొద్దుగాల టిఫిన్ పడలేదా అక్కా?" అన్నాడు గైడు.

ఆ తర్వాత చీర మేమే తెచ్చాం. తెలిసినవాళ్లను పట్టుకుని నేతవాళ్ల ఇంటికే పోయి, అక్కడే అరుగు మీద ప్రతి మడతా విప్పి చూశాను. అత్తమ్మ ఈసారి ఇప్పకు అనలేదు. గుడికి ఆటో మాట్లాడుకున్న రోజు పొద్దున ఆమె గిన్నెలో పసుపు కలిపి, చీర చాప మీద పరిచింది. ఆమె చెయ్యి పెడుతుందని చూస్తున్నాను. గిన్నె నా ముందుకు జరిపింది.

"పానం నీది బిడ్డా. చెయ్యి నీది పెట్టు."

మణికట్టు దాకా పసుపులో ముంచి, చీర నడిమధ్యన గట్టిగా అదిమాను.

మర్నాడు యార్డులో వడ్ల బస్తాలో చెయ్యి పెట్టి తీస్తే, గోళ్ల సందుల్లో, అరచేతి గీతల్లో ఆ పసుపు ఇంకా కనబడుతున్నది. అంత చీదర మనిషిని, ఆఫీసులో సబ్బు నా బల్ల పక్కనే ఉన్నా కడుక్కోలేదు.