వంటావిడ కోసం కొల్లేరు దాకా, తత్వశాస్త్రం మేష్టారితో

తాడేపల్లిగూడెంలో మా పెద్దన్నయ్యకి వంట చేసిపెట్టే నాగమణిది కొల్లేరులోని ఒక లంక ఊరు. వదిన మంచాన పడ్డప్పుడు పనిలో చేరింది, వదిన పోయాక కూడా మానలేదు. అలాంటిది జాతరకని ఊరెళ్ళి నెల దాటినా తిరిగి రాలేదు. ఫోను చేస్తే ప్రతిసారీ "అలాగేనండి, వస్తానండి" అంటుంది. అప్పటి నుంచి ఏలూరులో నా ఇంటి పని ముగించుకుని, క్యారియర్ పట్టుకుని, పొద్దున్న రైల్లో నేనే గూడెం వెళ్ళి వస్తున్నాను. మోకాళ్ళు మాట వినడం లేదు. ఇక స్వయంగా వెళ్ళి అడగడమే మేలనిపించి, మొన్న శుక్రవారం అన్నయ్యని వెంటబెట్టుకుని బయల్దేరాను. దారిలోనే కొల్లేటికోట పెద్దింట్లమ్మ దర్శనం కూడా అవుతుందనుకున్నాను. అటు వెళ్ళాలనుకునేవాళ్ళకి పనికొస్తుందని ఇది రాస్తున్నాను.

అన్నయ్య కాలేజీలో చాలా ఏళ్ళు తత్వశాస్త్రం చెప్పారు. రిటైరయ్యాక ఆయన పెట్టుకున్న పని ఒక్కటే, మనుషుల స్వభావాన్ని దగ్గర నుంచి చూడటం. సృష్టి గురించి చాలామంది ఆలోచించారు, పక్కింటాయన బేరమెలా ఆడతాడో ఎవరూ ఆలోచించలేదంటారు. గూడెం ఉల్లిపాయల మార్కెట్లో బస్తాల పక్కన కూర్చుని, అమ్మేవాళ్ళ చేతులూ కొనేవాళ్ళ మొహాలూ చూస్తూ పూటంతా గడిపేస్తారు. నేను పదో తరగతితో ఆపేసినదాన్ని, ఆయన చదువు నాకు అందదు. ఒక్క మాట మాత్రం గుర్తుంది. తననెవరో గమనిస్తున్నారని తెలిస్తే మనిషి మామూలుగా ఉండలేడు, అందుకే ఈ చదువు కష్టం అనేవారు.

అన్నయ్య పొద్దున్న రైలుకి ఏలూరు వచ్చారు. కొత్త బస్టాండులో కైకలూరు బస్సెక్కాం. ఆధార్ కార్డు చూపిస్తే ఆడవాళ్ళకి ఉచితం, అన్నయ్యకి మాత్రం టికెట్టు. గంటకి పైనే పట్టింది. రోడ్డుకి రెండు పక్కలా చేపల చెరువులు, నీళ్ళు చిమ్ముతూ తిరిగే ఏరేటర్లు, తెరిచిన కిటికీల్లోంచి మేత వాసన. దూరంగా గూడబాతులు గుంపుగా వాలి ఉంటే చూడమని చూపించాను. ఆయన కండక్టర్ని చూస్తున్నారు. నాగమణి రానంటే ఏం చేద్దామని మెల్లగా అడిగాను. ఆవిడ మాట తప్పే మనిషి కాదని, అది తను పరీక్షించి తేల్చుకున్న సంగతని అన్నారు. నేను కళ్ళు మూసుకున్నాను.

కైకలూరులో ఆటో మాట్లాడుకున్నాం. గుడికీ, అక్కడి నుంచి లంకకీ, రానూపోనూ ఆరు వందలు. పక్షులు చూడ్డానికొచ్చారా అని డ్రైవరు అడిగాడు. వంటావిడ కోసమని చెప్పాను. "కొల్లేరుకి అందరూ చేపల కోసం వస్తారండి. వంటావిడ కోసం వచ్చినోళ్ళు మీరేనండి" అని నవ్వాడు. గుడిలో జనం లేరు. పసుపు కుంకుమలు సమర్పించి, నిలబడలేక స్తంభానికి ఆనుకున్నాను. అన్నయ్య ఆరోగ్యం కోరుకోవాల్సింది, కానీ నాగమణిని పంపించు తల్లీ అని మాత్రమే అడగగలిగాను.

నాగమణి ఇల్లు చెరువు గట్టు మీదే. మమ్మల్ని చూసి కంగారుపడి, కుర్చీలు తుడిచి వేసి, మజ్జిగ ఇచ్చింది. ఎప్పుడొస్తావని అన్నయ్య అడిగితే "అలాగేనండి, వచ్చేస్తానండి" అంది. చూశావా అన్నట్టు ఆయన నా వైపు చూశారు. నాకు నమ్మకం కుదరలేదు. ఖాళీ గ్లాసులు పట్టుకుని ఆవిడ వెనకే వంటింట్లోకి వెళ్ళి, రావడం ఇష్టం లేదా అని గొంతు తగ్గించి అడిగాను.

నాగమణి తల దించుకుంది. "మేష్టారు దేవుడులాంటోరండి. ఏనాడూ కోప్పడలేదండి. కానీ ఊరికే చూస్తారండి. ఉల్లిపాయ కోస్తుంటే చూస్తారు, పోపు పెడుతుంటే చూస్తారు. ఇప్పుడెందుకు నవ్వేవు, ఇందాక ఎందుకు నిట్టూర్చేవు అంటారు. ఆయన చూస్తుంటే కూరలో ఉప్పేశానో లేదో మర్చిపోతున్నానండి. అంత పెద్దాయనకి రానని ఎలా చెప్పనండి?"

వెనక్కి తిరిగితే గుమ్మంలో అన్నయ్య. అంతా విన్నారు. లోపలికొచ్చి అక్కడున్న పీట మీద కూర్చున్నారు.

"ఇన్నాళ్ళూ నేనే అడిగాను. ఇవాళ నువ్వడుగమ్మా, ఏదైనా సరే" అన్నారు.

ఆవిడ చీర చెంగు వేలికి చుట్టుకుంటూ అడిగింది. "అమ్మగారు పోయినరోజు మీరు ఏడవలేదండి. ఎందుకండి?"

నాకు ఎటు చూడాలో తెలియలేదు. వదిన పోయిన దగ్గర నుంచీ మా ఇంట్లో ఎవరం ఆ మాట ఎత్తలేదు.

"ఏడుపు ఎప్పుడొస్తుందా అని నన్ను నేను చూసుకుంటూ కూర్చున్నానమ్మా. అలా చూస్తుంటే రాలేదు" అన్నారు అన్నయ్య.

నాగమణి కళ్ళు తుడుచుకుంది. "నేను రానండి మేష్టారండి" అంది, ఈసారి నేరుగా. ఆయన తల ఊపి, మంచిదమ్మా అని లేచారు.

తిరుగు బస్సులో ఆయన ఎవరినీ చూడలేదు. నాకు మాత్రం మళ్ళీ రేపటి క్యారియరే కళ్ళ ముందు మెదిలింది. ఏలూరు బస్టాండులో దిగాక అన్నారు, "రేపటి నుంచి నువ్వు రావద్దు. నేనే మీ ఇంటికి భోజనానికి వస్తాను. ఒక్కణ్ణీ తినలేకపోతున్నాను."

మర్నాటి నుంచీ మధ్యాహ్నం రైలుకి వస్తున్నారు. మొదటిరోజు మావారి పక్కన కూర్చుని, చారు అన్నం కలుపుకుంటూ వదిన పేరు ఎత్తి, ముద్ద చేతిలో పెట్టుకుని ఏడ్చారు. మేమెవరం ఆయన మొహం వంక చూడలేదు, తింటూ కూర్చున్నాం. అమ్మవారిని నేనడిగింది వేరు, దొరికింది వేరు. వంట ఇంకొకరికి పెరిగింది, అలసట తీరలేదు, కానీ పొద్దున్నే రైలెక్కే పని తప్పింది. అటు వెళ్ళేవాళ్ళకి ఒక్క సలహా: కైకలూరులో ఆటో రానూపోనూ మాట్లాడుకుని, తొందరపెట్టకుండా ఉండమని ముందే చెప్పండి. ఎవరింట్లోనైనా అనుకున్నదానికంటే ఎక్కువసేపు కూర్చోవలసి రావచ్చు.