నేను మూయించిన తలుపు

ఏళ్లుగా ఒక అబద్ధాన్ని మోస్తున్నాను. దానికి కళ అని పేరు కూడా పెట్టుకున్నాను. మీరెవరో నాకు తెలియదు, నేనెవరో మీకు చెప్పను. అందుకే చెప్పగలుగుతున్నాను.

నేను సినిమాలు తీస్తాను. మామూలు మనుషుల్ని వాళ్ల ఇళ్లలోనే కూర్చోబెట్టి, జరిగినదానిలో జరగనిది కొంచెం కలుపుతాను. హైదరాబాద్ ఛత్రినాకలో పూలమ్మే సత్తెమ్మ మీద అలాగే ఒకటి తీశాను. గుడిమల్కాపూర్ మార్కెట్ నుంచి బంతిపూల మూట తెచ్చుకోవడం, దండలు గుచ్చడం, పోయిన భర్తను తలచుకోవడం, అంతా నిజమే. ఆయనకు గుండెనొప్పి వస్తే పక్క వాటాలో ఉండే మరిది యాదగిరి తన ఆటోలో ఆస్పత్రికి తీసుకెళ్లాడు. దారిలోనే ప్రాణం పోయింది. అదీ నిజమే, కానీ నాకు చప్పగా అనిపించింది. ఎంత కొట్టినా మరిది తలుపు తీయలేదని చెప్పమన్నాను.

"గట్ల కాలే గద బిడ్డా," అంది సత్తెమ్మ. "యాదగిరి ఇంటే ఏమనుకుంటడు?"

"ఇది యాక్టింగే కదమ్మా. చివర్లో ఇది కల్పితం అని అక్షరాలు వేస్తాను."

"ఏస్తవు గద?"

"ఒట్టు."

చెప్పింది. చెబుతూ ఏడ్చింది. ఆ ఏడుపు పోయిన మనిషి కోసం. చూసేవాళ్లకి అదెలా తెలుస్తుంది? ఎడిటింగ్‌లో ఆ అక్షరాలు వేసి చూశాను. అవి పడగానే సీను నీరుగారిపోయింది. తీసేశాను. మర్చిపోయి కాదు, తెలిసే తీసేశాను.

బస్తీ కుర్రాళ్లు ముచ్చటపడి కమ్యూనిటీ హాల్లో సినిమా వేయించారు. వదిన సినిమా అని యాదగిరి కొత్త చొక్కా వేసుకొచ్చి ముందు వరసలో కూర్చున్నాడు. ఆ సీను రాగానే హాలంతా అతనివైపు తిరిగింది. సత్తెమ్మ లేచి, "అయ్యో, గది ఉత్తదే! యాదగిరే తోల్కపోయిండు!" అని మొత్తుకుంది. మరిదికి భయపడి మాట మారుస్తోందనుకున్నారు. నేను అక్కడే ఉన్నాను. ఎవరో నా చెయ్యి పట్టుకుని, "మస్తు తీసినవన్నా, అంత నిజమే," అన్నారు. ఆ మాట అంత తియ్యగా ఉందా నాకు? ఉంది. నోరు విప్పలేదు.

ఏటా బోనాలప్పుడు అమ్మవారికి రంగుకాగితాల తొట్టెల మోసేది యాదగిరే. ఆ ఏడు దాన్ని అతని చేతుల్లోంచి తీసుకున్నారు. అన్నకు తలుపు తీయనివాడు అమ్మవారికేం మోస్తాడన్నారు. కొన్నాళ్లకు ఇల్లు ఖాళీ చేసి వెళ్లిపోయాడు. సత్తెమ్మ నా ఫోన్ ఎత్తదు.

ఇప్పుడా అక్షరాలు వేస్తే యాదగిరి బెదిరించి వేయించాడంటారు. వేయకపోతే సినిమా ఆడిన ప్రతిచోటా అతను మళ్లీ తలుపు తీయడు. ముందు నుయ్యి, వెనక గొయ్యి. తవ్వింది నేనే. ఇందులో ఏది నిజమని అడిగేవాళ్లకు, నిజానికీ కల్పనకూ మధ్య గీత మీరే గీసుకోవాలని పెద్ద కబుర్లు చెబుతుంటాను.

వదిన కేక వినగానే యాదగిరి చెప్పులు కూడా తొడుక్కోకుండా పరుగెత్తుకొచ్చాడట. సత్తెమ్మ నాకు మొదటిరోజే చెప్పింది. ఇన్నేళ్లకు నేను మీకు చెప్పాను. ఊపిరి కాస్త ఆడుతోంది. దీనివల్ల యాదగిరికి ఒరిగేదేమీ లేదు.