కాకి ముట్టాటకు ఆ పేరెలా వచ్చిందంటే

మా చెల్లెలు ముప్పయ్యేళ్ళు హైస్కూల్లో జీవశాస్త్రం చెప్పి రిటైరైంది. ఆడపిల్లల శరీరం గురించిన పాఠం వస్తే మిగతా టీచర్లు సిగ్గుపడి, ఇంట్లో చదువుకోండని పేజీలు తిప్పేసేవారట. ఇది మాత్రం బోర్డు మీద బొమ్మ గీసి మరీ చెప్పేదని పేరు. ఆ మహాతల్లే మొన్న గుణదలలోని వాళ్ళ ఫ్లాట్‌లో, పన్నెండేళ్ళ మనవరాలికి అన్నం కంచం నేల మీద పెట్టి గబగబా వెనక్కి జరగడం కళ్ళారా చూశాను. వీధికుక్కకు పెట్టేవాళ్ళు కూడా అంత దూరం జరగరు.

నన్ను రమ్మంది ఆ పిల్లే. స్కూల్లో ఒక్కొక్కరూ ఒక్కో పాత ఆట గురించి స్టేజీ ఎక్కి మాట్లాడాలట, దానికి ఆ పేరెలా వచ్చిందో కూడా చెప్పాలట. ఎండాకాలం సెలవుల్లో దానికి కాకి ముట్టాట నేర్పింది నేనే. అపార్ట్‌మెంట్ సెల్లార్లో కార్ల మధ్య పిల్లలంతా తెగ ఆడారు. పేరు సంగతి నువ్వే చెప్పాలి పెద్దనానమ్మా అని ఫోన్ చేస్తే, సరేనని ఉయ్యూరులో పొద్దున్నే బస్సెక్కాను.

తీరా వెళ్తే పిల్ల వంటింటి వెనక యుటిలిటీ బాల్కనీలో ఉంది. ఒక పక్క వాషింగ్ మెషీను, ఇంకో పక్క మూత సరిగా పడని చెత్తబుట్ట, ముక్కిన వాసన కొడుతున్న తడి మాపు, గ్రిల్లు నిండా పావురాల రెట్ట. వాటి మధ్య చాప మీద మోకాళ్ళు ముడుచుకుని కూర్చుంది. స్కూలు కూడా మాన్పించారు. "దానికి మూడు రోజులు దూరం అక్కయ్యా, అటు వెళ్ళకు" అంది మా చెల్లెలు, ఇవాళ కుళాయి రాదన్నంత మామూలుగా.

పోయినేడు ఇదే పిల్ల పెద్దమనిషైతే ఫంక్షన్ హాలు మాట్లాడారు. వీధి చివర పిల్ల ఫొటోతో ఇంత ఫ్లెక్సీ కట్టారు. పేపరు వేసేవాడికీ, పాలవాడికీ, ఎదురు ఫ్లాట్ వాళ్ళ డ్రైవరుకీ కూడా తెలిసేలా చెప్పారు. అప్పుడు లేని సిగ్గు, అప్పుడు లేని మైల ఇప్పుడు నెలనెలా ఎక్కణ్ణించి ఊడిపడుతోందో వాళ్ళకే తెలియాలి. పిల్ల తల్లి, అంటే మా చెల్లెలి కోడలు, బెడ్‌రూమ్‌లో లాప్‌టాప్ ముందు కూర్చుని హైదరాబాదు ఆఫీసుతో మాట్లాడుతోంది. ఇదేంటమ్మా అని అడిగితే, అత్తయ్యగారితో గొడవెందుకండీ, మూడు రోజులే కదా అంది. చదువుకున్నవాళ్ళిల్లు. ఆ మాట తలుచుకుంటేనే ఒళ్ళు మండుతోంది.

ఇంతకీ ఆట ఇది. ఒకరు అమ్మ. ఓ మూల గోడకానుకుని కూర్చోవాలి, లేవకూడదు. ఒకరు కాకి. అమ్మకు కాస్త ముందు కాపలా నిలబడాలి. మిగతావాళ్ళంతా పిల్లలు. పిల్లలు దూరం నుంచి అడుగుతారు, కాకి జవాబు చెప్తుంది.

"కాకీ కాకీ, ఎవర్ని ముట్టావ్?"

"అమ్మను ముట్టా."

"అమ్మెక్కడుంది?"

"పెరట్లో ఉంది."

"అన్నం ఎవరొండారు?"

"నాన్నొండాడు, మాడ్చిపెట్టాడు."

"అమ్మెప్పుడొస్తుంది?"

"నాలుగోనాడు."

ఆ మాట వినగానే పిల్లలు అమ్మ వైపు పరిగెత్తాలి. కాకి అంటుకున్నవాళ్ళు అవుట్. తప్పించుకుని వెళ్ళి ఎవరైనా అమ్మ చెయ్యి పట్టుకుంటే అమ్మ విడుదల.

పేరులో పెద్ద రహస్యమేం లేదు. మా చిన్నప్పుడు ఇంట్లో ఆడవాళ్ళు నెలసరికి పెరట్లో కూర్చుంటే, ఎందుకని అడిగిన పిల్లలకు చెప్పేది ఒకటే, అమ్మను కాకి ముట్టిందీ అని. మేం నమ్మేవాళ్ళం. కాకి కనపడితే రాళ్ళు వేసేవాళ్ళం. ఉయ్యూరులో మా వీధి పిల్లలందరి ఇళ్ళలోనూ నెలకోసారి అమ్మ మాయమయ్యేది కాబట్టి, ఆ ఆట ఎవరో కూర్చుని కనిపెట్టక్కర్లేకపోయింది. ముట్టుకోవద్దన్న అమ్మను ఎలాగైనా ముట్టుకోవాలని పిల్లలు ఆడుకున్న ఆట అది.

ఆ ఆటలో మా చెల్లెల్ని పట్టుకోగలిగిన కాకి మా వీధిలో పుట్టలేదు. ఐదేళ్ళది, చేపపిల్లలా జారిపోయేది. ఒకరోజు ఆటలో అమ్మతో తనివి తీరక, నిజం అమ్మ దగ్గరికే పరిగెత్తింది. చలికాలం. పంచదార ఫ్యాక్టరీ ఆడుతున్న రోజులు, పెరట్లో ఆరేసిన బట్టల మీదంతా నల్లటి నుసి. అమ్మ గొడ్లపాక వారన పాత చీరలో కూర్చుని ఉంటే, ఇది వెళ్ళి మెడ కావిలించుకుంది. బామ్మ కేకలు విని నేను వాకిట్లోంచి వచ్చేసరికి దీన్ని బట్టలు విప్పించి నూతి దగ్గర నిలబెట్టారు. బామ్మ చేదతో నీళ్ళు తోడి, దూరం నుంచే దాని నెత్తి మీద కుమ్మరిస్తోంది. అమ్మ పాక దగ్గరే మొహం తిప్పుకుని కూర్చుంది. పిల్లదాని ఏడుపు మూడిళ్ళ అవతలికి వినపడింది. అంత చలిలో చన్నీళ్ళు పోస్తే ఏడవక ఏం చేస్తుంది అనుకున్నాను.

ఇదంతా పిల్లకు చెప్పడానికే వచ్చాను. కానీ మా చెల్లెలు అప్పటికే దానికి ఇంకోటి బట్టీ పట్టించేసింది. కాకి పరిసరాలను శుభ్రం చేసే పక్షి అట, పిల్లలకు పక్షుల మీద ప్రేమ కలగాలని పెద్దలు ఈ ఆట కల్పించారట. పిల్ల బాల్కనీలోంచి అప్పజెప్పి వినిపించింది. వింటుంటే ఆ చెత్తబుట్ట వాసనే నయమనిపించింది.

నేను లేచి వెళ్ళి పిల్ల పక్కన చాప మీద కూర్చున్నాను. దాని కంచంలోంచే ఓ ముద్ద తీసుకుని నోట్లో పెట్టుకున్నాను. ఇక నువ్వు కూడా స్నానం చేస్తేనే వంటింట్లోకి అని మా చెల్లెలు హెచ్చరించింది. నీ వంటింట్లోకి రాకపోతే నాకు పోయేదేమీ లేదన్నాను. తర్వాత పిల్లకు ఉన్నదున్నట్టు చెప్పాను. కాకి అంటే ఏంటో, అమ్మ పెరట్లో ఎందుకుందో, వాళ్ళ నానమ్మ ఎలా పరిగెత్తిందో, నూతి దగ్గర ఏం జరిగిందో, అన్నీ.

మా చెల్లెలు గడప అవతల నిలబడి, నాకవేం గుర్తు లేవు అంది. చిన్నపిల్లకు చెప్పాల్సిన మాటలా ఇవి అని కూడా అంది. చెప్పకూడదట, కానీ చెయ్యొచ్చట. ఏ నోటితో అంటారో ఇలాంటి మాటలు.

పిల్ల నన్ను పట్టించుకోలేదు. వాళ్ళ నానమ్మ వైపే చూస్తోంది.

"నీళ్ళు చాలా చల్లగా ఉన్నాయా నానమ్మా?"

మా చెల్లెలు వంటింటి గట్టు మీది గుడ్డ తీసి, మడత పెట్టి, మళ్ళీ అక్కడే పెట్టింది.

"చలికి కాదే నేను ఏడ్చింది. నన్ను ముట్టుకుంటే బామ్మకు మైల కదా, దగ్గరికి రాలేదు. వదిలించమని అమ్మకే చెప్పింది. అమ్మే నా వేళ్ళు ఒక్కొక్కటీ విడదీసింది."

ఇన్నేళ్ళలో ఆ ముక్క నాకు చెప్పలేదు. అమ్మ కూడా చెప్పకుండానే పోయింది. నాకు ఏడుపు రావాల్సింది, రాలేదు. అసహ్యమే వచ్చింది. కన్నతల్లి చేతే ఆ పని చేయించిన ఆచారం మీద, అది అనుభవించి కూడా గడప అవతలే నిలబడ్డ ఈ మనిషి మీద.

పిల్ల లేచింది. గడప దాటలేదు. చెయ్యి మాత్రం అవతలికి చాపింది. ఎంగిలి చెయ్యి, వేళ్ళకు ఇంకా పప్పన్నం అంటుకుని ఉంది. మా చెల్లెలు ఆ చేతి వైపు ఎంతసేపు చూసిందో. చివరికి పట్టుకుంది. అలవాటు లేని మనిషి వేడి గిన్నె పట్టుకున్నట్టు ముందు వేళ్ళ చివర్లతో, తర్వాత గట్టిగా.

"ముట్టుకున్నావు కదా, నేను విడుదల" అంది పిల్ల. గడప దాటి, వంటింట్లోంచే నడిచి, హాల్లో సోఫా మీద కూర్చుంది.

కాసేపటికి మా చెల్లెలు వెళ్ళి స్నానం చేసింది. బకెట్ నిండుతున్న చప్పుడు వింటే నాకు మళ్ళీ రోత పుట్టింది. కానీ తల తుడుచుకుంటూ బయటికొచ్చి, నేరుగా సోఫా దగ్గరికెళ్ళి, పిల్ల పక్కనే కూర్చుంది.