నలభై మందిలో ఏడు చేతులు

మా అక్క చెయ్యి ఇంట్లో లేస్తుంది. అటక మీది ట్రంకుపెట్టె దించుతుంది, దండెం మీద తడి దుప్పట్లు ఆరేస్తుంది, నాకు మొట్టికాయ వేయడానికైతే మరీ చురుగ్గా లేస్తుంది. ఫ్యాక్టరీలో మాత్రం లేవదు. ఈ ఒక్క ముక్క అర్థం చేసుకోవడానికి ఒక డాక్టరమ్మ, ఒక ప్రొఫెసరు, ఒక కంపెనీ, వాళ్లతోపాటు నేనూ నాలుగు నెలలు బుర్రలు బద్దలు కొట్టుకున్నాం. ఇప్పటికీ నాకు పూర్తిగా అర్థమైందని చెప్పను. చెబితే అబద్ధమే.

అక్కకి నలభై ఎనిమిదేళ్లు. చొక్కాలు కుట్టే ఫ్యాక్టరీలో పాతికేళ్లుగా చేస్తోంది. మొదటి ఇరవైమూడేళ్లూ కాలర్లు కుట్టింది, ఆ తర్వాత సూపర్‌వైజరు అయింది. బావ నడుం విరిగి మంచం పట్టాక ఆ ఇంట్లో సంపాదన ఆవిడదే. అందుకని చెయ్యి లేవకపోవడమంటే ఉత్త చెయ్యి సంగతి కాదు, పొయ్యి సంగతి.

అక్కడి పద్ధతి చెప్పాలి. హాల్లో నలభై లైన్లు, ఒక్కో లైనుకి ముప్పై మిషన్లు, లైను చివర ఒక సూపర్‌వైజరు. గంటకోసారి బెల్లు మోగుతుంది. కుట్టాల్సినన్ని చొక్కాలు కుట్టి ఉంటే సూపర్‌వైజరు ఊరికే నిలబడాలి. తగ్గితే చెయ్యెత్తాలి. మేడమీద అద్దాల గదిలోంచి మేనేజరు చూసి తలూపాక, పని ఎవరి దగ్గర పేరుకుపోయిందో ఆ మిషను నంబరు గట్టిగా పిలవాలి. ఆ నంబరు మనిషి లేచి వెళ్లి, గోడవారన ఉన్న బల్ల మీద గంటసేపు కూర్చోవాలి. వారంలో మూడుసార్లు బల్ల ఎక్కితే ఇక రానక్కర్లేదు.

ఒకరోజు బెల్లు మోగింది, పదకొండు చొక్కాలు తగ్గాయి, అక్క కుడిచెయ్యి లేవలేదు. నరం పట్టిందేమో అనుకుని ఎడమచెయ్యి ఎత్తింది. తొమ్మిదిరోజులు అలా నెట్టుకొచ్చాక ఎడమచెయ్యి కూడా మొరాయించింది. చెయ్యి లేవలేదు కాబట్టి పైనున్న ఆయన అంతా సవ్యంగా ఉందనుకునేవాడు. సాయంత్రం పెట్టెలు కట్టేటప్పుడు చూస్తే చొక్కాలుండవు. కంపెనీ డాక్టరు భుజం తిప్పి చూశాడు, మోచేతి మీద సుత్తితో కొట్టి చూశాడు, ఎక్స్‌రే తీయించాడు. "ఎముక బాగుంది, నరం బాగుంది. మీరే బాగోలేరు" అని చెప్పి పంపించాడు.

లైన్లో ఆడవాళ్లు ఊరుకుంటారా? "పేనుకు పెత్తనమిస్తే తలంతా గొరిగిందట. మన పేనుకి కత్తే జారిపోయింది" అని నవ్వుకున్నారట. నేనూ తక్కువ తినలేదు. "నాటకాలా అక్కా?" అని మొహమ్మీదే అడిగాను. అక్క అన్నం కంచం ముందు నుంచి లేచిపోయింది. అప్పుడు భయం వేసింది నాకు.

నెలాఖరులోగా చెయ్యి లేవకపోతే పనిలోంచి తీసేస్తామని మేనేజరు కాగితం ఇచ్చాడు. ఆ తర్వాత ఇంకో నెల, ఇంకో నెల అంటూ గడువు సాగింది. దానికి కారణముంది. మనసు డాక్టరమ్మ ఒకావిడ దగ్గరికి అక్కని కంపెనీయే పంపింది. అదే సమయంలో సమాజశాస్త్రం ప్రొఫెసరు ఒకాయన ఆ ఫ్యాక్టరీలో సర్వే చేస్తూ, సూపర్‌వైజర్లు నలభైమందిలో ఏడుగురికి ఇదే జబ్బుందని కనిపెట్టాడు. మిగతా ఆరుగురూ ఏదో వంకతో రోజులు దొర్లిస్తున్నారట. ఏడుగురినీ ఒకేసారి తీసేస్తే లైన్లు ఎవరు నడుపుతారు? అదీ కంపెనీ దయకి కారణం.

డాక్టరమ్మ గదిలో ఒక పొడుగాటి సోఫా, దాని మీద అక్క పడుకోవాలి, ఆవిడ తల వెనకాల కుర్చీలో కూర్చుంటుంది. మనిషి మొహం చూడకుండా మాట్లాడటం మా వంశంలో లేదు. అక్క ప్రతి మాటకీ మెడ తిప్పి వెనక్కి చూసేది. గోరుచుట్టు మీద రోకటిపోటులా, చేతికి తోడు మెడ కూడా పట్టేసింది. ప్రొఫెసరు మాత్రం క్యాంటీన్‌లో ఎదురుగా కూర్చుని, అరవై రెండు ప్రశ్నల ఫారం తీసి, టిక్కులు పెట్టుకుంటూ పోయేవాడు.

నేను జిరాక్స్ షాపులో పనిచేస్తాను. ఇద్దరూ రాసిన నోట్సు చదివి సంతకం పెట్టమని అక్కకిస్తే, రెండేసి కాపీలు తీయమని నా చేతిలో పెట్టింది. చదవకూడదు. చదివాను. చదివి మతిపోయింది.

డాక్టరమ్మ నోట్సు నిండా ఫ్యాక్టరీయే. బెల్లు, బల్ల, రెండేళ్ల కిందట మారిన రూలు. అంతకుముందు సూపర్‌వైజర్లని బయటినుంచి తెచ్చేవాళ్లు. రూలు మారాక ఖాళీ అయిన లైన్లకి అదే లైన్లో కుట్టేవాళ్లలో మంచి పనిమంతురాలిని ఎంచి నిలబెడుతున్నారు. అక్క ఇదంతా పూసగుచ్చినట్టు చెప్పింది. కింద డాక్టరమ్మ పెన్సిలుతో "అసలు విషయం దాటవేస్తోంది" అని రాసుకుంది.

ప్రొఫెసరు ఫారం చివర 'ఇతర వివరాలు' అనే చోట మా ఇల్లంతా ఉంది. నాన్న సాయంత్రం ఇంటికొచ్చి, చెప్పులు విప్పి, కుర్చీలో కూర్చుని "ఇవాళ ఎవరు?" అని అడిగేవాడు. మేం ముగ్గురం వరసగా నిలబడాలి. పెద్దది కాబట్టి అక్క చెయ్యెత్తి, ఆ రోజు ఎవరు తప్పు చేశారో పేరు చెప్పాలి. చెప్పకపోతే దెబ్బలు ఆవిడకే. ప్రొఫెసరు ఎర్రసిరా పక్కనే ఉంది: "విషయానికి సంబంధం లేదు."

ఆ పేరు నెలకి ఇరవైసార్లు నాదే. అన్నయ్య పిల్లిలా తప్పించుకునేవాడు, వీపు విమానం మోత మోగేది నాకే. జిరాక్స్ మిషను ముందు నిలబడి ఆ కాగితం చదువుతుంటే కోపం వచ్చిందో జాలి వేసిందో నాకే తెలియలేదు.

"మనసు సంగతులు ఫారాలాయనకీ, పని సంగతులు మనసావిడకీ చెప్పావేంటక్కా?" అని నిలదీశాను.

"ఆవిడ డాక్టరు కదే, పని కష్టం చెప్తే సెలవు రాస్తుందనుకున్నా" అంది. "ఆయన ఫారం పట్టుకుని 'ఊఁ, చెప్పండి' అంటుంటే అచ్చం నాన్న ఎదురుగా కూర్చున్నట్టే ఉంది. నోట్లోంచి అదే వచ్చేసింది" అంది.

మూడోనెల చివర కంపెనీ అందరినీ ఒక గదిలో కూర్చోబెట్టింది. కాగితాల సంచీ పట్టుకుని నేనూ వెళ్లాను, పొమ్మని ఎవరూ అనలేదు. డాక్టరమ్మ, చిన్నతనంలో తండ్రి భయం అంది. ప్రొఫెసరు, కంపెనీ రూలు అన్నాడు. "తండ్రే కారణమైతే ఏడుగురికీ ఒకే తండ్రా?" అని ఆయన. "రూలే కారణమైతే మిగతా ముప్పైమూడు మందికీ రాలేదేం?" అని ఆవిడ. కరవమంటే కప్పకి కోపం, విడవమంటే పాముకి కోపం. మధ్యలో మా అక్క, ఒకరి తర్వాత ఒకరికి తలూపుతూ కూర్చుంది.

నాకు తిక్క రేగింది. "మీ సరుకు ఆయన దగ్గరుంది, ఆయన సరుకు మీ దగ్గరుంది. ముందు మార్చుకోండి" అని జిరాక్స్ కాపీలు అటువి ఇటూ ఇటువి అటూ పడేశాను.

చదువుకున్నారు. డాక్టరమ్మ నెమ్మదిగా అడిగింది, మిగతా ఆరుగురూ ఇంట్లో ఎన్నోవాళ్లని. ప్రొఫెసరు ఫారాలు తిరగేశాడు. ఏడుగురికి ఏడుగురూ పెద్దకూతుళ్లే. ఆవిడ మొహం వెలిగింది. కానీ జబ్బు లేనివాళ్లలోనూ పదకొండుమంది పెద్దకూతుళ్లున్నారని ఆయన అన్నాడు. ఆవిడ మొహం ఆరిపోయింది. మళ్లీ ఆయనే వెతికి, ఆ పదకొండుమందీ బయటినుంచి వచ్చినవాళ్లని తేల్చాడు. ఈ ఏడుగురే తాము కుట్టిన లైన్లోనే, తాము పని నేర్పినవాళ్ల మీదే చెయ్యెత్తాల్సినవాళ్లు.

"ఇంట్లో చెల్లెళ్లు, ఇక్కడా చెల్లెళ్లే" అంది డాక్టరమ్మ.

"మీ మనోవిశ్లేషణ లేకుండా నా లెక్క తేలేది కాదు" అన్నాడు ఆయన.

"మీ లెక్క లేకుండా నేను ఒక్క తండ్రి దగ్గరే ఆగిపోయేదాన్ని" అంది ఆవిడ.

వియ్యాలవారిలా ఒకరినొకరు పొగుడుకున్నారు. టీలొచ్చాయి. మేనేజరు అంతా విని, "బాగానే ఉంది. ఇంతకీ చెయ్యి లేస్తుందా, లేవదా?" అన్నాడు. ఇద్దరూ టీ గ్లాసులు అందుకున్నారు. ఆఖరిసారిగా ఇంకో నెల గడువిచ్చాడు.

బస్సులో అక్క అంది, "ఇంత అడిగారు గానీ, ఆ రోజే ఎందుకు ఆగిపోయిందని ఎవరూ అడగలేదే."

"ఎందుకు ఆగింది?"

దానికి ముందురోజు పంతొమ్మిదో మిషనమ్మాయి మీద ఆ వారంలో మూడోసారి చెయ్యెత్తిందట, దాంతో ఆ అమ్మాయి పని పోయింది. ఆ అమ్మాయికి సూదిలోకి దారం ఎక్కించడం దగ్గరనుంచి నేర్పింది అక్కే. ఆరేళ్లు పక్కపక్కన కూర్చుని కుట్టారు. ఆ వారం కొడుకుకి జ్వరమట, నిద్ర లేదట. తెలిసే ఎత్తింది. ఎత్తకపోతే తన ఉద్యోగం పోతుందని ఎత్తింది. "దాని కాళ్లు పట్టుకునైనా సరే, క్షమించానని అనిపించుకుంటే ఈ చెయ్యి లేస్తుందేమో" అంది. ఇద్దరు పండితులు తేల్చలేనిది తేలిపోయిందని నేనూ సంబరపడ్డాను.

ఆదివారం వెళ్లాం. మూడో అంతస్తులో చిన్నగది, కిటికీలో పిల్లాడి బడి బట్టలు ఆరేసి ఉన్నాయి. ఆ అమ్మాయి అక్కని చూసి గబగబా కుర్చీ తుడిచి వేసింది, మంచినీళ్లిచ్చింది. అక్క నీళ్లు తాగకుండానే, తడబడుతూ, చెప్పాల్సిందంతా చెప్పింది.

"అయ్యో, నాకేం కోపం లేదక్కా. పని పని కదా" అంది ఆ అమ్మాయి. "నాకు అవతల కొత్త ఫ్యాక్టరీలో దొరికిందిలే. నీ దగ్గర పని నేర్చుకున్నానని చెప్తే సూపర్‌వైజరుగానే తీసుకున్నారు. అక్కడా ఇదే పద్ధతి."

"మరి చెయ్యి?" అంది అక్క.

"చక్కగా లేస్తోంది. మొదటివారం మాత్రం కష్టమైంది. నువ్వు ఎత్తేటప్పుడు మొహం ఎలా పెట్టేదానివో గుర్తు తెచ్చుకుని అలాగే పెట్టేదాన్ని. ఇప్పుడు అలవాటైపోయింది."

"నువ్వు ఇంట్లో ఎన్నోదానివమ్మా?" అని నేను అడిగాను. "ఆఖరిదాన్ని" అంది. నేనూ ఆఖరిదాన్నే. ఆ మాట ఎందుకు గుచ్చుకుందో అప్పుడు తెలియలేదు.

క్షమించింది. అడగ్గానే, నవ్వుతూ క్షమించింది. మరునాడు బెల్లు మోగితే అక్క చెయ్యి ఎప్పటిలాగే వేలాడింది.

నెలాఖరున అదే గదిలో, అదే టేబులు చుట్టూ కూర్చున్నాం. మేనేజరు కాగితం ముందుకు తోశాడు. అక్క దాన్ని ముట్టుకోలేదు.

"నా చెయ్యి ఎందుకు లేవట్లేదని నాలుగు నెలలు అడిగారు" అంది. "ఆ పిల్ల చెయ్యి ఎందుకు లేస్తోందో అడగరా? ఆ ముప్పైమూడు మందిని అడిగారా? రోగం నాదే అని ముందే ఎలా తేల్చారు?"

డాక్టరమ్మ పెన్ను మూత తీసి మళ్లీ పెట్టేసింది. ప్రొఫెసరు, "ఫారంలో ఆ ప్రశ్న లేదండీ" అన్నాడు. సిగ్గుపడ్డాడనే అనుకుంటాను. మేనేజరు మాత్రం, పాతికేళ్ల పనిమంతురాలు కాబట్టి దయతలచి ఇరవయ్యో లైన్లో పదకొండో మిషను ఇస్తానన్నాడు. అక్క సంతకం పెట్టింది. వేళ్లు బాగానే కదిలాయి.

రెండేళ్లలో కాలరు కుట్టే మిషన్లో బట్టని నొక్కిపట్టే పాదం మారిపోయింది, కళ్లద్దాలొచ్చాయి, మునుపటి వేగం లేదు. మొదటి గురువారమే బెల్లు మోగినప్పుడు ఆ లైను సూపర్‌వైజరు చెయ్యెత్తి "పదకొండు" అని పిలిచింది.

ఆ సాయంత్రం అక్క తిన్నగా మా ఇంటికొచ్చింది. నేను కూరగాయలు తరుగుతున్నాను. లోపలికి రాకుండా వంటింటి గడప దగ్గరే నిలబడింది.

"ఇవాళ నా నంబరు పిలిచారే."

"ఊఁ."

"అంతమంది చూస్తుంటే కళ్లు ఎక్కడ పెట్టుకోవాలో తెలియలేదు. కుట్టినవి కూడా తప్పులే అనిపించింది." చేతిసంచీ గడప పక్కన పెట్టింది. "చిన్నప్పుడు నీకూ ఇలాగే ఉండేదా?"

నలభై ఏళ్లకి అడిగింది. ఈ ప్రశ్న కోసం లోపల ఎన్ని తిట్లు దాచుకున్నానో నాకే తెలుసు. ఒక్కటీ నోటికి రాలేదు. కత్తిపీట పక్కకి పెట్టాను.

"ఉండేదక్కా. చెయ్యెత్తేముందు నువ్వు ఒక్కసారి నా వంక చూసేదానివి. ఆ చూపు చూసి, ఇవాళ చెప్పవులే అనుకునేదాన్ని. ప్రతిరోజూ అనుకునేదాన్ని."